ఆవరణాపనయన శాస్త్రం: అక్రిలిక్ పలక మీది పొరను ఎప్పుడు ఒలవాలి?

1. శాస్త్రావశ్యకత

అరటిపండుకు తొక్క, వేరుశనగకు పొట్టు, కొబ్బరికాయకు పీచు ప్రకృతిసిద్ధంగా సంక్రమించిన ఆవరణాలు. వాటిని ఎప్పుడు తొలగించాలన్న విషయంలో ఆకలే ప్రమాణం కనుక అక్కడ సంశయం పుట్టలేదు; సంశయం పుట్టనిచోట శాస్త్రం పుట్టదు. అక్రిలిక్ పలక విషయం అట్టిది కాదు. అది రెండు ముఖాల మీదా రెండు పొరలు ధరించి కర్మాగారం నుంచి బయలుదేరి, దుకాణం గోడకు ఆనుకుని కొంతకాలం నిలిచి, ఆటోలో అడ్డంగా ప్రయాణించి గృహానికి చేరుతుంది గాని, ఆ పొరలను ఎవరు, ఏ దశలో, ఏ మూల నుంచి ఒలవాలో తెలిపే వాక్యం ఒక్కటీ దాని వెంట రాదు.

కోతను గురించి కోతగాళ్ళు విస్తరించి చెప్పి ఉన్నారు. రంధ్రాలను గురించి, అతుకులను గురించి, వంపులను గురించి ఆయా విద్యల్లో ఆరితేరినవారు తమ శిష్యులకు తిట్లతో సహా బోధించి ఉన్నారు. పొర ప్రసక్తి వచ్చేసరికి మాత్రం ఇంతటి ప్రాజ్ఞులూ "తర్వాత తీసుకోవచ్చు లెండి" అనే ఏకవాక్యంతో విరమించారు. ఆ తర్వాతకు అవధి నిర్ణయించనందువల్ల ఎన్ని నేమ్‌ప్లేట్లు సగం ఒలిచి సగం ఒలవక, యజమాని పేరులో ఇంటిపేరు మాత్రమే కనబడేట్టుగా వీధి గుమ్మాల్లో వేలాడుతున్నాయో ఉదయపు నడకకు వెళ్ళే ఎవరికైనా ప్రత్యక్షమే. ఈ లోపాన్ని పూరించడానికి ఈ గ్రంథం.

2. ఆవృత పదార్థ నిర్ణయం

ఆవరణాన్ని తెలియగోరేవాడు ముందు ఆవృతాన్ని తెలియాలి. అక్రిలిక్ గాజు అని వ్యవహరింపబడే ఈ పదార్థం గాజు కాదు. పాలీమిథైల్ మెథాక్రిలేట్ అనే దీర్ఘనామం గల ప్లాస్టిక్. జర్మనీలో ఓటో రోమ్ అనే రసాయనవేత్త సంస్థ దీనికి 1933లో ప్లెక్సిగ్లాస్ అనే వ్యాపార నామాన్ని నమోదు చేయించింది. ఇంగ్లండులో అదే దశకంలో ఇది పెర్‌స్పెక్స్ అనే పేరుతోనూ, అమెరికాలో ల్యూసైట్ అనే పేరుతోనూ అవతరించింది. రెండవ ప్రపంచ యుద్ధకాలంలో యుద్ధ విమానాల పైకప్పులకు వాడారు. శాంతికాలంలో పాఠశాల వార్షికోత్సవాల షీల్డులకు, గుమ్మాల మీది పేర్లకు, కూరగాయల మార్కెట్ పక్కన ఉండే దంత వైద్యుల బోర్డులకు వాడుతున్నారు. ఈ రెండు వినియోగాల్లో ఏది గొప్పదన్న చర్చ మనకు అప్రస్తుతం.

దీని గుణాలు రెండు ముఖ్యం, దోషం ఒకటి ముఖ్యం. మొదటి గుణం లాఘవం: గాజు సాంద్రత నీటికి రెండున్నర రెట్లు కాగా, దీని సాంద్రత 1.19 మాత్రమే. రెండవ గుణం ప్రసన్నత: తనపై పడిన వెలుగులో సుమారు 92 శాతాన్ని అడ్డులేకుండా అవతలికి పంపుతుంది, సామాన్యమైన కిటికీ గాజు ఈ విషయంలో దీనికంటే ఒక మెట్టు దిగువనే ఉంటుంది. ఇక దోషం మార్దవం. గాజు మీద గీత పడాలంటే వజ్రమో, ఉక్కు చక్రమో కావాలి. దీని మీద గీత పడటానికి ఆదివారం ఉదయం పొడిగుడ్డతో, సదుద్దేశంతో తుడిచే గృహస్థు చాలు.

ఇందువల్ల ఒక విచిత్ర స్థితి ఏర్పడింది. కంటికి అడ్డు లేకుండా ఉండడం ఏ పదార్థానికి పరమ ప్రయోజనమో, ఆ పదార్థాన్ని కాపాడుకోవడానికి కంటికి అడ్డు పెట్టక తప్పలేదు. ఒలిస్తే గీత పడుతుంది, ఒలవకపోతే కనబడదు. శాస్త్రానికి పునాది ఈ ఉభయసంకటమే.

3. అనుబంధ చతుష్టయం

విషయం: పొర. ప్రయోజనం: పొర లేకపోవడం. సంబంధం: జిగురు. అధికారి ఎవరన్నది మాత్రం కొంత విచారించవలసి ఉంది.

ఈ శాస్త్రానికి అధికారి కావడానికి కులమూ, విద్యార్హతా అవసరం లేదు, గోరు అవసరం. కుడిచేతి చూపుడువేలికో, బొటనవేలికో చర్మం దాటి ఒక మిల్లీమీటరు గోరు ఉన్నవాడు ఉత్తమాధికారి. గోరు లేకపోయినా ఇంట్లో గోరున్నవారిని పిలవగలిగినవాడు మధ్యమాధికారి. గోళ్ళు కొరికే అలవాటు ఉండి, ఆ అవమానాన్ని అంగీకరించలేక బ్లేడు చేతబట్టేవాడు అధమాధికారి. వాడు పొర అంచును లేపబోయి పలక అంచున గీత పెడతాడు, ఆ గీతను దాచబోయి అక్కడొక పువ్వు స్టిక్కరు అంటిస్తాడు. మరీ దీర్ఘమైన గోళ్ళు గలవారికి అధికారం ఉన్నా ప్రవృత్తి ఉండదు, ఎందుకంటే రంగు వేసిన గోటిని అక్రిలిక్ అంచున నిలబెట్టడానికి ఎవరూ సమ్మతించరు. పచారీ కొట్టులోనూ, బస్సు టికెట్ల దగ్గరా నోట్లు లెక్కపెట్టి రాటుదేలిన బొటనవేలు కొన్ని సందర్భాల్లో గోటి కంటే బలీయమని ఒక మతం ఉంది. మేము దాన్ని పాక్షికంగా అంగీకరిస్తున్నాం.

4. ఆవరణ భేదాలు

ఆవరణం ద్రవ్యాన్ని బట్టి ద్వివిధం: కాగితపు పొర, సన్నని ప్లాస్టిక్ పొర. కాగితపు పొర గోధుమరంగులోనో తెలుపులోనో ఉండి పలకను పూర్తిగా కప్పివేస్తుంది. దాని మీద పెన్సిలుతో కొలతలు గీసుకోవచ్చు, తప్పు కొట్టేసి మళ్ళీ గీసుకోవచ్చు, ఆవశ్యకమైతే పాలవాడి లెక్క కూడా రాసుకోవచ్చు. ప్లాస్టిక్ పొర మీద పెన్సిలు పారదు, మార్కరు కావాలి.

ప్లాస్టిక్ పొరలో మళ్ళీ రెండు ఉపభేదాలు: నీలిరంగుదో, ముద్రలున్నదో అయిన వ్యక్తావరణం, ఏ రంగూ లేని గుప్తావరణం. ఈ రెండవదే అత్యంత ప్రమాదకరం. వ్యక్తావరణం తాను ఉన్నానని చెప్పుకుంటుంది, గుప్తావరణం చెప్పుకోదు. గుప్తావరణం గల పలకను పుస్తకాల బీరువాకు బిగించుకున్న గృహస్థు ఆ మసకను అక్రిలిక్ స్వభావమే అనుకుని, పదార్థాన్ని నిందించి, అమ్మినవాడిని నిందించి, చివరకు కంటి అద్దాలు మార్పించుకుంటాడు. మూల మీద ఒక బుడగ లేచిన నాడే అతనికి జ్ఞానోదయం. అంతవరకు అతను అద్వైతి. పొరా పలకా వేరని అతనికి తెలియదు.

వయస్సును బట్టి ఆవరణం త్రివిధం. బాలావరణం కొత్తది, లాగితే వస్తుంది. ప్రౌఢావరణం దుకాణంలో కొన్నాళ్ళు గడిపినది, బతిమాలితే వస్తుంది. జీర్ణావరణం ఎండలో, బాల్కనీలో, నీళ్ళ ట్యాంకు పక్కన నిలిపినది. ఎండవేడికి జిగురు బిగుసుకుని, కాగితం బలం కోల్పోయి, లాగినకొద్దీ గోటివెడల్పు ముక్కలుగా చినుగుతుంది. బాలావరణాన్ని ఒలవడం ఆనందం, ప్రౌఢావరణాన్ని ఒలవడం కర్తవ్యం, జీర్ణావరణాన్ని ఒలవడం తపస్సు.

పరిమాణాన్ని బట్టి కూడా ఒక భేదం చెప్పక తప్పదు. లేజర్ యంత్రంతో అక్షరాలు కోయించినప్పుడు, పొగ మరకలు పడకుండా కాగితం ఉంచే కోస్తారు. కనుక ప్రతి అక్షరమూ తన ప్రమాణంలో తనకొక ఆవరణంతో బయటికి వస్తుంది. ఇంగ్లీషులో పేరు రాయించుకున్నవాడికి పేరులో ఎన్ని అక్షరాలుంటే అన్ని ఒలుపులు. తెలుగులో రాయించుకున్నవాడికి వత్తులు వేరు, సున్నాలు వేరు, కొన్ని అక్షర శైలుల్లో తలకట్లు సైతం వేరు. "లక్ష్మీ నివాసం" అని కోరుకున్నవాడు మకారపు వత్తును అరచేతిలో పెట్టుకుని దాని కాగితపు అంచు కోసం సాయంత్రం దాకా వెతుకుతాడు. తెలుగు భాషాభిమానం ఇంత నిశితంగా పరీక్షకు గురయ్యే సందర్భం మరొకటి మాకు తోచలేదు.

5. కాల నిర్ణయం: చతుర్దర్శన విచారం

ఎప్పుడు ఒలవాలన్న ప్రశ్న మీద నాలుగు దర్శనాలు ఏర్పడి ఉన్నాయి. వీటిలో ఏ రెండూ ఒకే ఇంట్లో ప్రశాంతంగా సహజీవనం చేసిన దాఖలా లేదు.

మొదటిది ఆద్యాపనయన దర్శనం. వీరు ప్రత్యక్ష ప్రమాణవాదులు. కొంటున్నది ఏమిటో కళ్ళతో చూడనిదే డబ్బివ్వడం అవివేకమనీ, లోపల గీతలున్నాయో బుడగలున్నాయో పొర తీస్తేగాని తెలియదనీ వీరి వాదం. ఇందులో బలం లేకపోలేదు. అయితే దుకాణదారులు ఈ దర్శనానికి బద్ధశత్రువులు. "కొంచెం కవరు తీసి చూపిస్తారా?" అని కొనేవాడు అడిగితే, "తీస్తే మీరే తీసుకోవాలి సార్" అని బదులు వస్తుంది, ఒకే ధాతువుతో ఒలవడాన్నీ కొనడాన్నీ ముడివేసిన ఈ సమాధానానికి ఆద్యవాదులు ఇప్పటివరకు ఖండనం చెప్పలేదు. ఒకవేళ తీయించుకున్నా, ఇల్లు చేరేలోగా ఆటోలోని స్పేరు టైరు, చొక్కా గుండీ, సాయంపట్టిన బావమరిది వాచీ గొలుసు ఆ పలక మీద తమ తమ సంతకాలు చేసి ఉంటాయి.

రెండవది ప్రాంతాపనయన దర్శనం. పొరను మొత్తం తీయరాదు, ఉంచరాదు. పని జరిగే అంచు మేరకే వెనక్కి ఒలిచి, మిగిలినదాన్ని ఉంచాలని వీరి సిద్ధాంతం. కార్యశాలల్లో తలపండినవారు ఎక్కువగా వీరే. వీరి మధ్య తగవంతా కొలత దగ్గర: అంగుళం ఒలిస్తే చాలునని అంగుళవాదులు, రెండు అంగుళాలు లేనిదే చెయ్యి ఆడదని ద్వ్యంగుళవాదులు. ఒలిచిన మేరను కత్తిరించి పారెయ్యాలా, మడిచి వెనక్కి అంటించాలా అన్నదాని మీద ఇంకొక చీలిక ఉంది. మడిచి అంటించిన పొర ఏ గడియలో ఎటు లేచి వచ్చి జిగురులో పడుతుందో ఊహించడం మానవసాధ్యం కాదు కనుక మేము కత్తిరింపు పక్షమే.

మూడవది అంత్యాపనయన దర్శనం. పని యావత్తూ ముగిసి, గోడకు బిగించి, దీపం వెలిగించిన తరవాతనే పొర తీయాలని వీరంటారు. వినడానికి ఇది ఉదాత్తమైనది. రంపపు పొట్టు, సిమెంటు ధూళి, రంగు చుక్కలు, పనివాడి టీ గ్లాసు అన్నీ పొర మీదనే పడి, పొరతోనే పోతాయి. కాని వీరికి ఒక మహా సంకటం ఉంది. స్క్రూ బిగించిన తరవాత పొర లాగితే, వాషరు కింద చిక్కిన భాగం తెగి అక్కడే ఉండిపోతుంది. వాషరు చుట్టూ సన్నని నెలవంకలా కనబడే ఆ శేషాన్ని ఈ శాస్త్రంలో కళాశేషం అంటాం. కళాశేషం గల పలకను ఒలిచిన పలకగా పరిగణించాలా, ఒలవని పలకగా పరిగణించాలా? మాత్రావాదులు ఒలిచినదేనంటారు, శుద్ధివాదులు స్క్రూలన్నీ విప్పి మళ్ళీ బిగించమంటారు.

ఇక్కడ ఒక సూక్ష్మం ఉంది. అక్రిలిక్ వేడికి బాగా పెరుగుతుంది. మీటరు పొడవు పలక 25 డిగ్రీల తేడాకు సుమారు 1.75 మిల్లీమీటర్లు సాగుతుంది. విజయవాడలో పుష్యమాసపు తెల్లవారుజాముకూ, రోహిణీ కార్తె మధ్యాహ్నానికీ ఆ మాత్రం తేడా ఉండనే ఉంటుంది. అందుకే స్క్రూ కంటే రంధ్రాన్ని వదులుగా పెట్టాలని విధి. బిగుతుగా పెట్టినవాడి పలక రంధ్రం దగ్గర పగులుతుంది. రంధ్రం వదులుగా ఉన్నచోట పలక వాషరు కింద కదులుతుంది గనుక, వాషరు కింద చిక్కిన పొర గ్రీష్మంలో ఒకవైపు తొంగిచూసి హేమంతంలో లోపలికి పోతుందని, కళాశేషానికి వృద్ధిక్షయాలు ఉంటాయని అంత్యవాదుల్లో కొందరు ప్రతిపాదించారు. మిల్లీమీటరు మేర కదలిక కోసం నిచ్చెన ఎక్కి చూసిన వారి ఓర్పుకు నమస్కరిస్తున్నాం.

నాల్గవది నిత్యావరణ దర్శనం. మన దేశంలో అనుయాయుల సంఖ్య ప్రాతిపదికగా చూస్తే మిగిలిన మూడూ దీని ముందు చిల్లర మతాలు. పొర ఎన్నడూ తీయరాదని వీరి సిద్ధాంతం. పొర ఉన్నంతకాలం వస్తువు కొత్తది. పొర తీసిన క్షణం నుంచి అది పాతబడటం ప్రారంభిస్తుంది. కనుక వస్తువు నిత్యనూతనత్వానికి పొరే కారణమని వీరి అనుమాన ప్రమాణం. టీవీ రిమోటు, ఫ్రిజ్ పిడి, కారు సీటు, ఫోను వెనక భాగం, మిక్సీ మూత మొదలైన దృష్టాంతాలతో వీరు తమ పక్షాన్ని సుప్రతిష్ఠితం చేశారు. 2020లో కరోనా వేళ దుకాణాల కౌంటర్లకు అడ్డంగా అక్రిలిక్ పలకలు వెలిసినప్పుడు, కొన్నిచోట్ల పొరతోనే నిలిపి, డబ్బు తీసుకునేవాడి ముఖం నీలిరంగు నీడగా మాత్రమే గోచరించే ఏర్పాటు చేసినవారు ఈ దర్శనం వారే.

"ఏమండీ, ఆ నేమ్‌ప్లేటు మీది కాగితం ఈ పండక్కైనా తీస్తారా?" అని భార్య అడిగినప్పుడు నిత్యావరణవాది ఎన్నడూ తీయనని అనడు. అమ్మాయి పెళ్ళికి తీద్దామంటాడు. ఆ అమ్మాయి అప్పటికి మూడో తరగతి. ఇట్లు కాలాన్ని నిరాకరించక, కాలాన్ని జరపడమే ఈ దర్శనపు తార్కిక నైపుణ్యం. అయితే వీరిని ఖండించడానికి జీర్ణావరణమే చాలు: మూడో తరగతి అమ్మాయి పెళ్ళికి ఎదిగేసరికి, వీధి ఎండకు ఆ కాగితం ఒలవడానికి వీలైనది కాదు, చెక్కవలసినది అవుతుంది.

ఆవరణం లేని అక్రిలిక్ నిలవజాలదని నిత్యావరణవాదులు చేసే ఆక్షేపానికి ఇంకొక సమాధానం వైద్యశాస్త్రంలో దొరుకుతుంది. యుద్ధంలో గాయపడిన పైలట్ల కళ్ళలో విమానపు పైకప్పు అక్రిలిక్ నలుసులు ఇరుక్కుని కూడా కన్ను వాటిని తిరస్కరించకపోవడాన్ని గమనించిన ఇంగ్లీషు నేత్రవైద్యుడు హెరాల్డ్ రిడ్లే, 1949లో లండన్‌లోని సెయింట్ థామస్ ఆసుపత్రిలో శుక్లం తీసిన కంట్లో అక్రిలిక్ కటకాన్ని అమర్చాడు. అటుపిమ్మట ఆ విద్య ప్రపంచమంతా వ్యాపించింది. మదురైలోని ఆరోల్యాబ్ 1992 నుంచి అట్టి కటకాలను చౌకగా తయారుచేస్తున్నది. మన ఇళ్ళల్లో నాయనమ్మలు "కంట్లో పొర తీయించుకుని" వచ్చారంటే, పొర తీసి ఆ స్థానంలో అక్రిలిక్ జాతికి చెందిన బిళ్ళనే సాధారణంగా పెడతారు. పొర ముందు, అక్రిలిక్ తరవాత అనే ఈ విలోమ క్రమాన్ని పాటించే శాఖ ఇదొక్కటే. ఆ నాయనమ్మే ఇంటికి వచ్చి, ఆ కొత్త కంటితో గుమ్మంలో నేమ్‌ప్లేటు చూసి, "ఆ కాగితం ఇంకా తియ్యలేదేంరా?" అని అడిగితే, నిత్యావరణవాదికి శబ్ద ప్రమాణమూ ఎదురుతిరిగినట్టే.

6. క్రియానుగుణ విధినిషేధాలు

దర్శనాల తగవు ఎట్లున్నా, కొన్ని క్రియల్లో పదార్థమే తీర్పు చెబుతుంది. అక్కడ మతభేదానికి తావు లేదు.

కోతలో పొర ఉండవలెను. మూడు మిల్లీమీటర్ల పలకను గీతకత్తితో ఇనుప స్కేలు వెంబడి పలుమార్లు గీసి, గీతను బల్ల అంచుకు సరిపెట్టి విరుస్తారు. గీత పైముఖాన ఉండాలి, చెయ్యి తడబడకూడదు, విరిచేటప్పుడు ఎవరూ పలకరించకూడదు. మందం పెరిగితే రంపం. సన్నపళ్ళ జిగ్ సా ను అతివేగంగా నడిపితే రాపిడికి అక్రిలిక్ కరిగి, రంపం ముందుకు పోతున్నకొద్దీ వెనక కోత మళ్ళీ అతుక్కుపోతుంది. అర్ధగంట కోసి, పలక ఏకఖండంగానే ఉండడం చూసి విస్తుపోయినవారు పొరను నిందించరాదు. అది పొర తప్పు కాదు.

రంధ్రంలోనూ పొర ఉండవలెను. లోహానికి వాడే బిట్టు అక్రిలిక్‌ను కొరికి లాగి పగలగొడుతుంది. దాని అంచు పదును కాస్త చంపి, పలక కింద చెక్కదిమ్మ పెట్టి, బిట్టు అవతలికి తేలబోయే క్షణంలో వేగం తగ్గించాలి. అనుభవజ్ఞుల పలకలు పగలడం ఆ చివరి క్షణంలోనే.

వంపులో పొర ఉండరాదు. వేడి తీగ మీద వంపు రేఖ 150 నుంచి 160 డిగ్రీల సెల్సియస్ దాకా కాగితే గాని పలక మెత్తబడదు. ఆ వేడికి ప్లాస్టిక్ పొర కరిగి పలకతో తాదాత్మ్యం చెందుతుంది. ఆ తాదాత్మ్యానికి మోక్షం లేదు. అంచును మంటతో మెరుగు పెట్టేటప్పుడూ ఇంతే. మంటకు పొర అంచు ముడుచుకుని నల్లబడుతుంది.

అతుకులో పొర ఉండనే రాదు. పలకలను కలపడానికి వాడే క్లోరోఫారం, డైక్లోరోమీథేన్ వంటి ద్రవాలు జిగుళ్ళు కావు. అవి రెండు అంచులనూ కరిగించి ఒకటి చేస్తాయి. సిరంజితో చుక్క వదిలితే అది కేశనాళికా ధర్మంతో సందులోకి తనంతట తానే పరుగెత్తుతుంది. పొర ఉంటే పొర కిందికీ అదే ఉత్సాహంతో పరుగెత్తి, అక్కడ చెరగని మరకను లిఖిస్తుంది. గాలి ధారాళంగా ఆడేచోట మాత్రమే ఈ పని చేయాలని ప్రత్యేకంగా చెబుతున్నాం. మంటతో మెరుగు పెట్టిన అంచుకు ఈ ద్రవం తగిలితే వెంట్రుకల్లాంటి పగుళ్ళు వస్తాయని కూడా. ఈ ఒక్క విషయంలో ప్రాంతాపనయన దర్శనం నిరపవాదంగా గెలిచింది.

7. ఒలుపు విధానం

ఏ మూల నుంచి ప్రారంభించాలి? ఈశాన్యం నుంచి అని వాస్తువాదులు. పలకను తిప్పితే ఏ మూలైనా ఈశాన్యమే అవుతుందని తార్కికులు. ఇద్దరూ వాదించుకుంటుండగా, కోత వల్ల ఏ మూలన పొర కాస్త లేచి ఉందో ఆ మూల నుంచి పనివాడు మొదలుపెడతాడు. మేము పనివాడితో ఏకీభవిస్తున్నాం.

పొరను పైకి ఎత్తి లాగరాదు; తన మీదకే మడిచి, పలకకు సమీపంగా, ఒకే వేగంతో లాగాలి. పెద్ద పలకైతే అట్టగొట్టానికో, అప్పడాల కర్రకో చుట్టుకుంటూ దొర్లించడం ఉత్తమ విధి. అప్పడాల కర్ర వంటింటిది కనుక దాన్ని తీసుకునే ముందు అనుమతి తీసుకోవడం ఉత్తమోత్తమ విధి. ఒలిచేటప్పుడు వెలువడే చరచర శబ్దాన్ని ఈ శాస్త్రంలో నాదం అంటాం. తెగకుండా ఆద్యంతం ఒకే శ్రుతిలో సాగిన నాదాన్ని విన్నవారు పక్క గదిలోంచి లేచి వస్తారు.

ఇందువల్లనే ఒలిచే హక్కు ఎవరిదన్న వివాదం పుట్టింది. పలక కొన్నవాడిదా, కోసినవాడిదా, ఇంట్లో అందరికంటే చిన్నవాడిదా? "తాతయ్యా, నేను పీకుతా" అనే వాక్యం వినబడిన ఉత్తరక్షణంలో కొన్నవాడి హక్కు నశిస్తుందని శిష్టాచారం. అంచు లేపడం పెద్దల విధి, లాగడం పిల్లల హక్కు. ఇద్దరు పిల్లలుంటే పలకకు రెండు ముఖాలున్నాయి గనుక చిక్కులేదు. ముగ్గురుంటే లేజరు అక్షరాలు కోయించి ఉండవలసింది.

పొర ఊడిన వెంటనే పలకలో స్థిర విద్యుత్తు పుడుతుంది. ఒలిచినవాడు తన కృషి ఫలాన్ని చూసి తృప్తిపడే లోపల గదిలోని నలుసులు, దువ్వెన వదిలిన వెంట్రుకలు, పిల్లి ఉంటే పిల్లి బొచ్చు ఆ నిర్మల తలం మీదికి ఎగిరి వచ్చి కూర్చుంటాయి. పొడిగుడ్డతో తుడవబోతే రాపిడికి విద్యుత్తు ఇంకా పెరిగి, పక్క గదిలో నలుసులకూ పిలుపు అందుతుంది. తడిగుడ్డే శరణ్యం. సీలింగు ఫ్యాను కట్టకుండా ఒలుపుకు కూర్చున్నవాడి గురించి ఈ గ్రంథంలో ఏమీ చెప్పబోము.

8. దోషాలు, ప్రాయశ్చిత్తాలు

జీర్ణావరణం ఒలిచిన తరవాత మిగిలే జిగురు మచ్చలకు కిరోసిన్ తడిపిన మెత్తని గుడ్డ ప్రాయశ్చిత్తం; ఆ వెంటనే సబ్బునీటి స్నానం. పెయింటు థిన్నరు, పెట్రోలు, అమ్మోనియా కలిసిన అద్దాల ద్రవం నిషిద్ధాలు. వీటి ప్రభావం వెంటనే కనబడదు. కొన్నాళ్ళకు పలకలో సాలెగూడు లాంటి పగుళ్ళుగా ఫలిస్తుంది, అప్పటికి కర్త ఎవరో ఎవరికీ గుర్తుండదు. బ్లేడు మహాపాతకం.

గీత పడితే వాటర్ పేపరు తడిపి 600, 800, 1000, 2000 నంబర్ల క్రమంలో రుద్ది, చివర పాలిష్ పట్టించాలి. ప్రతి నంబరూ ముందు నంబరు చేసిన గీతలను మాత్రమే చెరిపి, తన గీతలను తదుపరి దానికి అప్పగిస్తుంది. క్రమం తప్పించి 600 నుంచి నేరుగా 2000కు దూకినవాడు మసకను మెరుగు పెట్టినవాడవుతాడు. పళ్ళపొడి కాక పళ్ళ పేస్టు వాడవచ్చునని గృహ సంప్రదాయం; చిన్న గీతలకు అది చెల్లుతుంది, ఇల్లంతా పుదీనా వాసన వస్తుందన్నది దోషం కాదు.

9. దర్పణాపవాదం

అద్దం మాదిరి అక్రిలిక్ విషయంలో మాత్రం ప్రత్యేక నిర్ణయం అవసరం. దానికి ముందువైపు పొర ఉంటుంది. వెనకవైపు ప్రతిబింబాన్నిచ్చే లోహపు పూతా, దాని మీద బూడిదరంగు రక్షణ పూతా ఉంటాయి. ఒలుపులో రుచి మరిగినవాడు ముందు పొర తీసిన ఊపులో వెనక్కి తిప్పి, ఆ బూడిదరంగు కూడా పొరేనని భ్రమించి, మూల దగ్గర గోటితో లేపడానికి ప్రయత్నిస్తాడు. రంగు ఊడుతుంది, దాంతో లోహపు పూత ఊడుతుంది, ముఖం చూసుకునేటప్పుడు చెంప మీద గోడ కనబడుతుంది. ఇది మరమ్మతుకు లొంగే దోషం కాదు. ఆ చోటికి సరిగ్గా ముందువైపు ఒక బొట్టుబిళ్ళ అంటించడమే శిష్టాచారం. ఆ బొట్టుబిళ్ళను దాని కాగితం నుంచి ఎప్పుడు ఒలవాలన్న విషయంలో నాలుగు దర్శనాలకూ అభిప్రాయభేదం లేదు.